సూర్యకాంతం వస్తోంది, బెల్టు పెట్టుకోండి

నెట్ సరిగా రానోళ్ళ కోసం, క్యాంపు రూములో పదిమంది మధ్య ఆడియో పెట్టుకోలేనోళ్ళ కోసం, ఎపిసోడ్‌లో మాట్లాడిందంతా ఎప్పటిలాగే ఇక్కడ రాసి పెడుతున్నాం. ఈసారి చరిత్ర భాగం నా వంతు. రాజుల గురించి కాదు, యుద్ధాల గురించి కాదు. ఒక నటి గురించి. ఎందుకు ఆమె గురించే అంటే, దానికి నా సొంత కారణం ఒకటి ఉంది. ముందు అది చెప్తాను.

నాది జగిత్యాల దగ్గర ఊరు. ఐటీఐలో డ్రాఫ్ట్స్‌మన్ సివిల్ చేసిన. దుబాయికి వచ్చింది హెల్పర్‌గా. స్టీల్ ఫిక్సింగ్ చేసి, ఫోర్‌మన్ అయి, ఇప్పుడు సూపర్‌వైజర్. ఉండేది షార్జా అల్ నహ్దాలో, సహారా సెంటర్‌కు నడిచిపోయేంత దూరంలో, షేరింగ్ ఫ్లాట్‌లో. పని దుబాయి వైపు. పొద్దున అల్ ఇత్తిహాద్ రోడ్డు మీద ట్రాఫిక్ ఎట్లుంటదో ఈ పక్కన ఉండేవాళ్ళకు చెప్పక్కర్లేదు.

ఒకరోజు సైట్‌లో మెట్లెక్కి మూడో అంతస్తుకు పోతున్న. నేను వస్తున్న సంగతి పైన ఎవడో చూసిండు. ఒక గొంతు వినపడ్డది: "అరేయ్, సూర్యకాంతం వస్తోంది, బెల్టులు పెట్టుకోండి!" ఆ తర్వాత టకటకా హుక్కులు తగిలించుకుంటున్న చప్పుడు.

నేను పైకి పోయేసరికి అందరూ పద్ధతిగా ఉన్నారు. ఏమీ విననట్టే ఊరుకున్న. కానీ ఆ పేరు మనసులో ముల్లులా గుచ్చుకుంది. రాత్రి రూముకు వచ్చి ఫోన్‌లో ఆమె సినిమా ఒకటి పెట్టుకున్న. తర్వాత ఇంకోటి. తర్వాత ఆమె గురించి చదవడం మొదలుపెట్టిన. ఇప్పుడు చెప్పేది అట్లా తెలుసుకున్నదే.

కాకినాడ నుంచి మద్రాసుకు

సూర్యకాంతం గారు 1924 అక్టోబరు 28న కాకినాడ దగ్గర వెంకటకృష్ణరాయపురంలో పుట్టారు. ఇంటిపేరు పొన్నాడ. తల్లిదండ్రులకు పద్నాలుగో సంతానం అంటారు. చిన్నప్పుడే పాట, ఆట నేర్చుకున్నారు. సినిమా పోస్టర్లు చూసి సినిమాల్లోకి పోవాలనుకున్నారు.

అప్పట్లో తెలుగు సినిమా అంటే మద్రాసు. హైదరాబాద్ కాదు, బెజవాడ కాదు. స్టూడియోలు, ల్యాబులు, కెమెరాలు అన్నీ అక్కడే. తెలుగు సినిమాలో పని కావాలంటే తెలుగోళ్ళు ఊరు విడిచి, భాష వేరే ఉన్న పట్నానికి పోవాల్సిందే. మనం దుబాయి, మస్కట్, దోహా పోయినట్టే. ఆమె పోయినప్పుడు జెమినీ స్టూడియో పెద్ద సంస్థ. అక్కడ నటీనటులకు నెలజీతం. వేషం చిన్నదైనా పెద్దదైనా, కంపెనీ చెప్పింది చెయ్యాలి. కంపెనీ వీసా మీద ఉన్నోడికి ఇది బాగా అర్థమవుతుంది.

ఎస్.ఎస్. వాసన్ తీసిన 'చంద్రలేఖ' 1948లో వచ్చింది. డ్రమ్ముల మీద వందల మంది నాట్యం చేసే సీను ఇప్పటికీ చెప్పుకుంటారు. ఆ సినిమాకు తీసుకున్న నాట్యగత్తెల్లో సూర్యకాంతం గారు ఒకరు. గుంపులో ఒకరు, అంతే. 1949లో వచ్చిన 'ధర్మాంగద'లో ఆమెకు దొరికింది మూగ వేషం. తర్వాత నలభై ఏళ్ళు నోటితోనే తెలుగు సినిమాను ఏలిన మనిషికి మొదట్లో మాటలే లేని వేషం ఇచ్చారు! మనలో ఎంతమందికి ట్రేడ్ ఒకటుంటే వీసా మీద ఇంకోటి రాసి పంపలేదు? అట్లాంటిదే ఇది.

హీరోయిన్ అవకాశం కూడా రాకపోలేదు. 'సౌదామిని'లో నాయిక వేషం దొరికింది. అంతలో కారు ప్రమాదం. ముఖానికి దెబ్బ తగిలి ఆ వేషం చేజారింది. 1951లో ఆ సినిమా వచ్చినప్పుడు అందులో నాయిక ఎస్. వరలక్ష్మి.

బొంబాయి నుంచి కూడా ఒక పిలుపు వచ్చిందంటారు. వేరే నటిని తీసేసి ఆ వేషం ఈమెకు ఇస్తున్నారని తెలిసి, ఇంకొకరి కడుపు కొట్టే అవకాశం నాకొద్దని వదులుకున్నారని ఆమె గురించి రాసినవాళ్ళు రాశారు.

గయ్యాళి ఎందుకు కావాల్సి వచ్చింది

1950లో ఎల్.వి. ప్రసాద్ దర్శకత్వంలో 'సంసారం' వచ్చింది. ఎన్టీఆర్, ఏఎన్నార్ ఇద్దరూ ఉన్న సినిమా. అందులో సూర్యకాంతం గారు వేసిన గయ్యాళి వేషం జనానికి పట్టేసింది. అదే ఏడాది పెద్దిభొట్ల వెంకట చలపతిరావు గారితో పెళ్ళయింది.

ఆ తర్వాత వరుసగా చూడండి. 1952లో 'పెళ్ళిచేసి చూడు', 1955లో 'దొంగరాముడు', 1957లో 'తోడికోడళ్ళు', 1958లో 'అత్తా ఒకింటి కోడలే', 1959లో 'మాంగల్యబలం', 1961లో 'వెలుగునీడలు'. 1962 ఒక్క ఏడాదిలోనే 'గుండమ్మ కథ', 'మంచి మనసులు', 'కులగోత్రాలు', 'రక్తసంబంధం'. హీరోలు మారుతుంటారు, హీరోయిన్లు మారుతుంటారు, ఆమె మాత్రం ఉంటారు.

ఎందుకట్లా? నాకు అర్థమైంది చెప్తాను. ఆ కాలం సినిమాల్లో చాలావరకు ఉమ్మడి కుటుంబం కథలు. 'తోడికోడళ్ళు' బెంగాలీ రచయిత శరత్ నవల 'నిష్కృతి' ఆధారంగా తీసిందే. ఆ కథల్లో ఇల్లు ముక్కలవ్వాలి, మళ్ళీ కలవాలి. ఇల్లు పగలగొట్టేవాడు బయటి రౌడీ అయితే చివర్లో కొట్టి జైలుకు పంపొచ్చు. కానీ ఇంట్లో మనిషిని ఏం చేస్తారు? అత్తను, పిన్నిని, తోడికోడలిని తన్ని తరిమెయ్యలేరు కదా. సినిమా అయిపోయాక కూడా ఆ ఇంట్లోనే అందరూ కలిసి అన్నం తినాలి. కాబట్టి చూసేవాళ్ళకు ఆమె మీద ఒళ్ళు మండాలి, కానీ చివర్లో క్షమించేంత ప్రేమ కూడా మిగలాలి. ఇది మామూలు విలన్ పని కంటే కష్టం.

సూర్యకాంతం గారు అది ఎట్లా చేసేవారో ఆ సినిమాలు మళ్ళీ చూస్తేనే తెలిసింది. మాట రైలు బండిలా పోతుంది, అయినా ఒక్క అక్షరం మింగరు. ఎడమచేతి వాటం మనిషి. ఆ ఎడమ చెయ్యి తిప్పుతూ దబాయిస్తుంటే ఎదుటోడు సగం చచ్చిపోతాడు. పక్కన రేలంగి గారో రమణారెడ్డి గారో ఉంటే, తిట్టులోనే నవ్వు పుడుతుంది. కోపం వస్తుంది, వెంటనే నవ్వొస్తుంది. ఆ రెండూ కలిపి ఇవ్వడం వల్లే చివర్లో ఆమెను క్షమించగలుగుతాం.

ఆమెకు వేరే రకం వేషం రాదని కాదు. 1957లో 'మాయాబజార్'లో ఆమె హిడింబి, అంటే ఘటోత్కచుడి తల్లి. అందులో కొడుకు మీద మురిపెం తప్ప గయ్యాళితనం లేదు. ఘటోత్కచుడు ఎస్.వి. రంగారావు గారు పుట్టింది 1918లో, ఆమె 1924లో. అంటే తల్లి కంటే కొడుకే ఆరేళ్ళు పెద్ద! అప్పటికి ఆమెకు ముప్పై రెండేళ్ళు. హీరోయిన్ వయసులో తల్లి అయ్యారు, అత్త అయ్యారు. మళ్ళీ వెనక్కు చూడలేదు.

గుండమ్మ

1962 జూన్‌లో విజయా వారి 'గుండమ్మ కథ' వచ్చింది. నిర్మాతలు నాగిరెడ్డి-చక్రపాణి, దర్శకుడు కమలాకర కామేశ్వరరావు. కన్నడంలో విఠలాచార్య తీసిన 'మనె తుంబిద హెణ్ణు' దీనికి మూలం. ఎన్టీఆర్‌కు ఇది నూరో సినిమా. ఏఎన్నార్ ఉన్నారు, ఎస్వీఆర్ ఉన్నారు, సావిత్రి, జమున ఉన్నారు. ఇంతమంది ఉండి కూడా సినిమాకు పెట్టిన పేరు ఎవరిది? గుండమ్మది. పోస్టర్ మీద గయ్యాళి పేరు. క్యారెక్టర్ ఆర్టిస్టుకు ఇంతకంటే పెద్ద గౌరవం ఏముంటుంది?

కథ మీకందరికీ తెలుసు. సవతి కూతురు లక్ష్మితో ఇంటి చాకిరీ చేయిస్తుంది, సొంత కూతురు సరోజను గారం చేస్తుంది. మా ఊర్లో టీవీ ఉన్న ఇల్లు ఒక్కటే ఉన్న రోజుల్లో, దూరదర్శన్‌లో ఈ సినిమా వస్తే వాకిలి నిండిపోయేది. మా నాయనమ్మ గుండమ్మను తిట్టని తిట్టు లేదు. చిన్నప్పుడు నాకు అదొక్కటే గుర్తుంది.

ఇప్పుడు నలభై దాటాక చూస్తే వేరేది కనపడ్డది. సినిమా చివరికి వచ్చేసరికి గుండమ్మ కంటే పెద్ద గయ్యాళి ఇంట్లో దిగుతుంది, ఛాయాదేవి గారు వేసిన దుర్గమ్మ. గుండమ్మను గదిలో పెట్టి తాళం వేస్తుంది. అప్పుడు సూర్యకాంతం గారి ముఖం చూడండి. అంతసేపు అరిచిన నోరు పడిపోతుంది. ఆమెను విడిపించేది తను ఏడిపించిన లక్ష్మే. ఆ సీను దగ్గర ఫోన్ ఆపి కాసేపు కూర్చున్న. నా పైన ప్రాజెక్ట్ మేనేజర్ నా మీద అరుస్తాడు, నేను కిందకు వచ్చి పోరగాళ్ళ మీద అరుస్తా. దుర్గమ్మలు గుండమ్మలు అన్ని సైట్లలో ఉన్నారు.

ఈ సినిమాను మళ్ళీ తియ్యాలని ఇండస్ట్రీలో చాలాసార్లు అనుకున్నారు. ఎన్టీఆర్ వేషానికి, ఏఎన్నార్ వేషానికి వాళ్ళ వారసులు ఉన్నారు. గుండమ్మ ఎవరు అన్న దగ్గరే మాట ఆగిపోయేదట.

దెబ్బ తగిలిన ఇంకో ముఖం

సూర్యకాంతం గారి గురించి సైట్‌లో చెప్తుంటే మా బీహారు మేసన్ ఒకాయన, "మాకు లలితా పవార్ ఉండె" అన్నాడు. ఆమె గురించి కూడా చదివిన. 1942లో షూటింగ్‌లో ఒక చెంపదెబ్బ సీను. కొట్టాల్సింది నటుడు భగవాన్. దెబ్బ గట్టిగా తగిలింది. ముఖం ఒక పక్క పడిపోయింది, ఎడమ కన్ను దెబ్బతిన్నది. ఏళ్ళ తరబడి వైద్యం. అంతకు ముందు ఆమె హీరోయిన్. ఆ తర్వాత హిందీ సినిమా మొత్తానికి గయ్యాళి అత్త. ఆ దెబ్బతిన్న కన్నే ఆమె గుర్తు అయింది. 1959లో 'అనాడీ'లో పైకి గట్టిగా, లోపల మెత్తగా ఉండే మిసెస్ డిసా వేషానికి ఫిల్మ్‌ఫేర్ అవార్డు వచ్చింది. 1987లో రామానంద్ సాగర్ టీవీ రామాయణంలో మంథర ఆమే. 1920ల సినిమా నుంచి టీవీ కాలం దాకా పనిచేశారు.

ఇద్దరికీ ముఖానికి దెబ్బ తగిలింది, ఇద్దరికీ హీరోయిన్ దారి మూసుకుంది, ఇద్దరూ పక్క వేషాల్లోకి వచ్చి హీరోయిన్లకంటే ఎక్కువ కాలం నిలబడ్డారు. వేలు పోయిన కార్పెంటర్, నడుము పట్టేసిన మేసన్, పని మార్చుకుని స్టోర్ కీపర్ అయినోళ్ళు, ఈ కథ మీకు నేను విడమరిచి చెప్పాల్సిన పని లేదు.

పేరు లేకుండా పోయిన పేరు

సూర్యకాంతం ఎంత చక్కటి పేరు! సూర్యకాంతం అంటే ఒక రత్నం. సూర్యుడి కిరణం పడితే నిప్పు పుట్టే రాయి అంటారు. కానీ ఆమె సినిమాలు వచ్చాక ఆడపిల్లకు ఆ పేరు పెట్టడానికి జనం భయపడ్డారు. ఇంత మంచి పేరును తెలుగులో ఎవరూ పెట్టుకోకుండా చేశావమ్మా అని గుమ్మడి గారు ఆమెతో సరదాగా అనేవారట.

బయట ఆమె అందుకు పూర్తిగా వేరు అని ఆమెతో పనిచేసినవాళ్ళు అందరూ చెప్పారు. షూటింగ్‌కు ఇంటి నుంచి క్యారియర్లు తెచ్చేవారు. పులిహోరలు, పిండివంటలు. పెద్ద హీరో నుంచి లైట్ బాయ్ దాకా పెట్టేవారు. సొంత పిల్లలు లేరు, అక్క కొడుకును పెంచుకున్నారు. పద్మ పురస్కారాల జాబితాలో మాత్రం ఆమె పేరు లేదు. 1994లో చిరంజీవి 'ఎస్.పి. పరశురాం' ఆమె చివరి సినిమాల్లో ఒకటి. ఆ డిసెంబరులోనే మద్రాసులో పోయారు. 1940ల నుంచి 1990ల దాకా, దగ్గర దగ్గర యాభై ఏళ్ళ సర్వీసు.

"పైకి గయ్యాళి, లోపల వెన్న" అని ఆమె గురించి అందరూ రాస్తారు. నేను కూడా మొదట అదే పట్టుకున్న. సంతోషపడ్డ కూడా. ఆహా, నేనూ అంతే కదా, తిట్టేది వాళ్ళ మంచికే కదా, బెల్టు లేకపోతే ప్రాణం పోతది కదా అనుకున్న. రెండు రోజులు ఆ పేరును మెడలో దండలాగ వేసుకుని తిరిగిన.

తర్వాత పోయిన ఆగస్టు గుర్తొచ్చింది.

మూడు గంటల పది నిమిషాలు

జూన్ 15 నుంచి సెప్టెంబరు 15 దాకా ఎండలో పని మధ్యాహ్నం 12.30 నుంచి 3 దాకా ఆపాలని ఇక్కడి రూలు. ఆరోజు మూడు దాటి పది నిమిషాలైంది. అందరూ పనిలోకి వచ్చారు. మా పక్క జిల్లా పిల్లాడు ఒకడు, హెల్పర్, ఇంకా నీడలోనే కూర్చుని ఉన్నాడు. చేతిలో ఫోన్. పైన స్లాబ్ లేటవుతోందని అప్పుడే నాకు అక్షింతలు పడ్డాయి. పోయి అందరి ముందర వాడి మీద విరుచుకుపడ్డ. ఏమన్నానో ఇక్కడ రాయను. వాడు నా వైపు చూసిండు, ఏదో అనబోయిండు, లేచి పనిలోకి పోయిండు.

సాయంత్రం బస్సు దగ్గర ఇంకో పిల్లాడు చెప్పిండు: "సార్, వాళ్ళమ్మ చనిపోయింది. పొద్దున ఫోన్ వచ్చింది. మీకు చెప్పి లీవ్ అడుగుదామని కూర్చున్నడు."

ఆ రాత్రే ఆఫీసుకు ఫోన్లు చేసిన, కాగితాలు తిప్పిన. మర్నాడు రాత్రికి టికెట్ దొరికింది. వాడు ఊరు చేరేసరికి అంతా అయిపోయింది. మధ్యాహ్నం మూడింటికే నాతో మాట్లాడి ఉంటే ఆ రాత్రి ఫ్లైట్ అందేదేమో. అందేది కాదేమో కూడా. కానీ వాడు అడగలేకపోయింది నా నోటి వల్ల.

సూర్యకాంతం గారికి, నాకు తేడా ఇక్కడే ఉంది. ఆమె తిట్టేటప్పుడు కెమెరా పక్కన ఒక మనిషి కూర్చుని ఉండేవాడు. సీను అయిపోగానే "కట్" అనేవాడు. ఆ మాటతో గయ్యాళి అక్కడితో ఆగిపోయేది. ఎదురుగా తిట్లు తిన్న సావిత్రి గారికి అది నటన అని తెలుసు. ఆ తర్వాత క్యారియర్ విప్పి కలిసి తినేవాళ్ళు. మన సైట్‌లో కట్ చెప్పేవాడు లేడు. నేను తిట్టి వెళ్ళిపోతా, నాకు సీను అయిపోయింది. తిట్లు తిన్నోడికి అది అవ్వదు. బస్సులో, క్యాంపులో, పడుకున్నాక కూడా నడుస్తూనే ఉంటది. పైగా నాలోపల వెన్న ఉందో సున్నం ఉందో వాడికెట్లా తెలుస్తుంది? ఆమె వంట తెచ్చి పెట్టారు కాబట్టి తెలిసింది. లోపల ఉంటే చాలదు.

నెల తర్వాత ఆ పిల్లాడికి ఫోన్ చేసిన. అల్ నహ్దాలో చెరువు పార్కు ఉంది కదా, దుబాయి వైపు, అక్కడ బెంచీ మీద కూర్చుని. తప్పయింది తమ్మీ అన్న. వాడు కాసేపు ఆగి, "పర్వాలేదు సార్" అన్నాడు. ఆ పర్వాలేదు నిజమా, సూపర్‌వైజర్‌తో అనే పర్వాలేదా నాకు ఇప్పటికీ తెలియదు. వాడు మళ్ళీ రాలేదు. ఊర్లోనే ఏదో పని చూసుకున్నాడని విన్న.

బెల్టు లేకపోతే ఇప్పటికీ అరుస్తా. అది మానను. మీరు సూపర్‌వైజరైనా, ఫోర్‌మన్ అయినా మానొద్దు కూడా. కానీ రోజూ బస్సు ఎక్కే ముందు, ఆ రోజు ఎవరి మీద అరిచానో వాళ్ళ దగ్గరకు పోయి ఒక నిమిషం నిలబడుతున్న. ఏమైందిరా, ఇంట్లో అంతా మంచిగేనా అని అడుగుతా. కట్ చెప్పేవాడు లేడు కాబట్టి నాకు నేనే చెప్పుకుంటున్న. మొదట్లో పోరగాళ్ళు బెదిరిపోయారు, ఇదేదో కొత్త శిక్ష అనుకుని. ఇప్పుడు కొద్దికొద్దిగా మాట్లాడుతున్నారు.

పేరు మాత్రం మారలేదు. మొన్న కూడా మెట్ల మీద ఉండగా వినపడ్డది, సూర్యకాంతం వస్తోంది అని. హుక్కుల చప్పుడు కూడా వినపడ్డది. ఈసారి ముల్లు గుచ్చుకోలేదు.

ఈ సెలవు రోజు వీలైతే రూములో అందరూ కలిసి 'గుండమ్మ కథ' పెట్టుకోండి. పాత సినిమా అని పిల్లలు మూలుగుతారు, పది నిమిషాలయ్యాక వాళ్ళే ముందుకు జరిగి కూర్చుంటారు. మీ సైట్‌లో, మీ కిచెన్‌లో, మీ క్యాంపులో సూర్యకాంతం ఎవరో, లేదా ఆ పేరు మీకే ఉందో, వాయిస్ మెసేజ్ పెట్టండి. అసలు పేర్లు చెప్పకుండా. వచ్చేవాటిలో కొన్ని తర్వాతి ఎపిసోడ్‌లో వినిపిస్తాం. అందరూ జాగ్రత్త. పైకెక్కితే హుక్కు తగిలించుకోండి.